ఐదో స్తంభం

నాటకశాల ఎట్లా కట్టాలో భరతుని నాట్యశాస్త్రం రెండో అధ్యాయంలో వివరంగా ఉన్నది. మధ్యరకం శాల 64 మూరల పొడుగు, 32 మూరల వెడల్పు. అందులో సగం చూసేవాళ్లకు, సగం ఆడేవాళ్లకు. కొలతలు అయినంక స్తంభాలు. బ్రాహ్మణ స్తంభం, క్షత్రియ స్తంభం, వైశ్య స్తంభం, శూద్ర స్తంభం. మొదటిదాన్ని నిలబెట్టేటప్పుడు అన్నీ తెల్లనివి వాడాలె, అడుగున బంగారం వెయ్యాలె. రెండోదానికి ఎరుపు, అడుగున రాగి. మూడోదానికి పసుపు, అడుగున వెండి. నాలుగోదానికి నలుపు, అడుగున ఇనుము. పైకప్పు బరువు నాలుగింటి మీదా ఒక్కతీరే పడుతుంది. అడుగున వేసే లోహంలోనే తేడా.

ఐదో స్తంభం లేదు. ఉంటుందని నేనేమీ ఆశపడి ఆ పుస్తకం తెరవలేదు. కానీ అదే గ్రంథం మొదటి అధ్యాయంలో ఒక మాట ఉన్నది. శూద్రులకు వేదం వినే హక్కు లేదు గనుక, అన్ని వర్ణాలకూ పనికొచ్చేటట్టు బ్రహ్మ ఐదో వేదాన్ని చేసిండట. అదే నాట్యవేదం. వేదం ఐదోది పుట్టింది గానీ స్తంభం ఐదోది పుట్టలేదు. శాలకు పునాది వేసేటప్పుడు పాషండులను, కాషాయం కట్టినవాళ్లను, అంగవికలులను అక్కడి నుంచి వెళ్లగొట్టాలని కూడా రాసి ఉన్నది. ఆ రోజుల్లో పాషండులంటే ఎవరో, కాషాయం ఎవరు కట్టేవారో అంబేడ్కర్‌ను చదివినవాళ్లకు నేను చెప్పనక్కర లేదు. ఆఖరి అధ్యాయానికి వస్తే, ఆట పేరుమీద ఋషులను వెక్కిరించినందుకు భరతుని కొడుకులనే శూద్రులు కమ్మని శపించిండ్రు. ఆడితే కులం దిగిపోతుందన్న మాట.

ఈ సంగతి ఒక మీటింగులో చెప్తే ఒక మిత్రుడు నవ్విండు. "అన్నా, గది రెండువేల ఏండ్ల కింది ముచ్చట. ఇప్పుడు సిమెంటు స్తంభాలు. సిమెంటుకు కులమేంది?" అన్నడు. మంచి ప్రశ్న. ఈ వ్యాసం ఆయనకు జవాబు.

హైదరాబాదులో సైఫాబాదు దగ్గర, అసెంబ్లీకి కూతవేటు దూరంల రవీంద్రభారతి ఉన్నది. 1961లో ఠాగూర్ శతజయంతికి దేశమంతటా ఆయన పేరుమీద రంగశాలలు కట్టిండ్రు. కలకత్తాలో రవీంద్రసదన్, చండీగఢ్‌లో ఠాగూర్ థియేటర్, బెంగుళూరులో రవీంద్ర కళాక్షేత్ర, అన్నీ ఆ వరుసవే. మన రాష్ట్రానికి వచ్చింది రవీంద్రభారతి. దీని ఆర్కిటెక్టు మహమ్మద్ ఫయాజుద్దీన్. నిజాం కాలపు కమానులు, మినార్లు వదిలిపెట్టి కొత్త రాష్ట్రానికి కొత్త తీరు కట్టడం కావాలనుకున్న రోజులవి. పెద్ద మెట్లు, విశాలమైన వసారా, లోపల వెయ్యికి పైగా కుర్చీలు, పైన బాల్కనీ, ఎదురుంగ పటం కట్టినట్టు మూడుపక్కల మూసి ఒక్క పక్క తెరిచిన వేదిక. దీన్ని ప్రొసీనియం అంటరు.

ఆ కట్టడం చెడ్డదని నేను అనను. ధ్వని బాగుంటుంది, వెనుక వరుస దాకా మాట వినపడుతుంది. ఒక తరం తెలుగు రాష్ట్రం తన పండితులకు శాలువాలు కప్పింది అక్కడే, తన కూచిపూడిని చూసుకుని మురిసింది అక్కడే. సంతాప సభలు, అవార్డులు, అష్టావధానాలు, సినిమావాళ్ల సన్మానాలు, ఉద్యోగ సంఘాల వార్షికోత్సవాలు, ఏ సాయంత్రమూ ఖాళీ ఉండదు. తెలంగాణ వచ్చినంక అందులోని చిన్న ప్రివ్యూ థియేటర్‌కు పైడి జైరాజ్ పేరు పెట్టిండ్రు. మూగ సినిమాల కాలంలో బొంబాయికి పోయి హీరో అయి, 1980 సంవత్సరానికి దాదాసాహెబ్ ఫాల్కే అవార్డు తీసుకున్న జైరాజ్ పుట్టింది మా కరీంనగర్‌లనే. అంటే మా జిల్లా పేరుకు ఆ గోడల మీద చోటు దొరికింది. మా జిల్లాల నుంచి ఎవరి పేరుకు, ఏ ఆటకు ఎంత చోటు దొరికిందన్నదే నా లెక్క.

ముందుగాల ఠాగూర్‌ను పిలుద్దాం, ఇల్లు ఆయన పేరుమీద ఉన్నది గనుక. 1902లో ఆయన 'రంగమంచ' అని ఒక వ్యాసం రాసిండు. విలాయతీ నాటకాలను చూసి మనవాళ్లు తెరలు, బొమ్మల గోడలు, సీనరీలు నెత్తికెత్తుకోవడాన్ని అందులో ఎద్దేవా చేసిండు. తనకు బెంగాల్ జాత్ర ఇష్టమనీ, అక్కడ ఆడేవానికీ చూసేవానికీ నడుమ పెద్ద అడ్డం ఉండదనీ ఆయన వాదం. అంటే అడ్డం వద్దన్న మనిషి పేరుమీద అడ్డం కట్టిండ్రు. ఇదే ఠాగూర్ 1933లో 'చండాలిక' రాసిండు. చండాలుల పిల్ల ప్రకృతిని బౌద్ధ భిక్షువు ఆనందుడు నీళ్లు అడుగుతడు. ఆ ఒక్క అడుగుడుతోటి ఆ పిల్ల తాను మనిషినని తెలుసుకుంటది. నేను చూసిన 'చండాలిక' నాట్యరూపకంలో ఆ పిల్ల కాళ్లకు పారాణి, మెడల కాసుల పేరు. ఆడిన అమ్మాయి మంచిగనే ఆడింది, ఆమెను అనేదేం లేదు. కానీ నా పక్కన కూసున్న పెద్దమనిషి "ఎంత లలితంగా ఉంది" అని కండ్లు తుడుచుకున్నడు. మా వాడబాయి కాడ నీళ్ల కోసం జరిగిన కొట్లాటల్లో లాలిత్యం నాకెన్నడూ కనపడలేదు.

ఇప్పుడు మా వాడ రంగశాల గురించి చెప్పాలె. దానికి ఆర్కిటెక్టు లేడు, కానీ కట్టడం ఉన్నది. జగిత్యాల తాలూకాల మాది చిన్న ఊరు. మాదిగలను ఆశ్రయించుకుని బతికే కులాలు కొన్ని ఉన్నాయి: చిందు, డక్కలి, మాష్టి, బైండ్ల. చిందోళ్లు భాగోతం ఆడేవాళ్లు. ఏ ఊర్లు ఏ కుటుంబానివో వాళ్లలో వాళ్లకు మిరాశీ పంపకం ఉంటది. తమ వంతు ఊర్లకు తిరిగి వచ్చి మాదిగవాడల దిగుతరు. దిగంగనే మా నాయనమ్మ అన్నిటికంటె ముందు పెట్టె ఏడ పెట్టిండ్రో చూసేది. ఆ పెట్టెల కిరీటాలు, భుజకీర్తులు, గజ్జెలు ఉంటయి. కిరీటాలు పొనికి కట్టెవి. నిర్మల్ బొమ్మలు చేసే తేలిక కట్టె అదే. పెట్టెకు పసుపు కుంకుమ పెట్టి, ఊదు వేసి మొక్కితేనే ఆట. పెట్టెను ఎవరూ దాటొద్దు. అది వాళ్ల దేవుడు, వాళ్ల ఆస్తి, మా చిన్నతనంల మాకు పెద్ద రహస్యం.

చీకటి పడినంక వాడ నడుమ జాగల నాలుగు గుంజలు పాతి కొబ్బరాకో తంగెడు మండలో కప్పేవాళ్లు. ఆ నాలుగు గుంజలకు వర్ణం లేదు. ఒకటి మా పెద్దబాపు కొట్టం గుంజ, ఆట అయినంక మళ్ల కొట్టంలకు పోయేది. ఒక పక్కన మద్దెల, తాళాలు, హార్మోనియం, వంతపాట. మా తాతల కాలంల దివిటీలు, మా కాలంల పెట్రోమాక్స్ గ్యాస్ లైట్లు. తెర అంటే ఒక బట్ట, ఇద్దరు మనుషులు చెరో కొస పట్టుకుంటరు. తెర వెనుక నుంచి ముందు కిరీటం కొస కనపడేది, పాట కదిలేది, గజ్జె మోగేది, ఆ తర్వాత తెర కిందికి దిగేది. మొఖానికి అర్దళం పూసుకున్న పసుపు మనిషి ఒక్కసారి ముందుకు దూకితే పిల్లలం తల్లుల కొంగుల్లో దూరేది. జనం మూడు పక్కల, కొన్నిసార్లు నాలుగు పక్కలా కూసునేది. వేషగాడు ఒక పాదం పాడి తిరిగేవాడు, మళ్లొక పాదం పాడి ఇంకో దిక్కు తిరిగేవాడు. ప్రార్థన, బాలగోపాలుల చిందు అయినంక కథ. చెంచులక్ష్మి, సారంగధర, బాలనాగమ్మ, తెల్లారేదాక. నడుమ నడుమ ఎవరో లేచి రూపాయి చదివిస్తే, చదివించినోని పేరు, వాని తండ్రి పేరు, ఇంటిపేరు పాటల కలిపి పాడేవాళ్లు. ఊర్లె 'ఓరి', 'ఒరే' తప్ప పూర్తి పేరు వినని మా బాపు, పాటల తన ఇంటిపేరు వినేది ఆ రాత్రి ఒక్కటే.

ఆఖరికి పట్టపగలు జాంబపురాణం చెప్పేది. ఆదిజాంబవునికి, బ్రాహ్మణునికి సంవాదం. సృష్టి ఎట్ల పుట్టింది, ఎవరు ముందు ఎవరు వెనుక అని బ్రాహ్మడు అడుగుతుంటే జాంబవుడు నిలదీసి చెప్తడు. చదువు లేని మా వాడకు అది చరిత్ర పుస్తకం. మనువును అప్పటికి నేను చదవలేదు గానీ, బ్రాహ్మణ వేషాన్ని మాటలతోటి ఓడగొట్టే మాదిగ వేషాన్ని ఏడేండ్లప్పుడే చూసిన.

ఇంకొకటి. చిందు భాగోతంల ఆడవాళ్లే ఆడ వేషాలు కట్టేది. తల్లి, కోడలు, బిడ్డ, అందరూ ఆటల ఉండేవాళ్లు. కూచిపూడిల బ్రాహ్మణ మగవాళ్లే స్త్రీ వేషం కట్టాలని నియమం పెట్టుకున్న కాలంల, మా దిక్కు ఆడవాళ్లు కిరీటం పెట్టుకుని మగ వేషాలు కూడా కట్టిండ్రు. బాసర దగ్గర పుట్టి, బోధన్ దగ్గరి అమ్దాపూర్‌ల బతికి, 2005లో చనిపోయిన చిందుల ఎల్లమ్మ మగ వేషాలకు పేరుపొందింది. స్త్రీలు వేదిక ఎక్కిన చరిత్ర రాసేవాళ్లు ఎక్కడి నుంచి మొదలుపెట్టాలె? మన నాటక చరిత్రలు మాత్రం 1880 నుంచి మొదలుపెడతయి. ధార్వాడ నాటక సమాజం వచ్చింది, కందుకూరి వీరేశలింగం 'వ్యవహార ధర్మబోధిని' ఆడించిండు, 1885లో సురభి పుట్టింది, 1886లో బళ్లారి ధర్మవరం కృష్ణమాచార్యులు సరసవినోదిని సభ పెట్టిండు. అన్నీ నిజాలే. సురభివాళ్ల కష్టం తక్కువదని కూడా నేను అనను. కానీ ఆ పుస్తకాల్లో చిందుకు దక్కేది 'జానపద కళలు' అనే అధ్యాయంల ఒక పేరా. 1958లో ఢిల్లీల జరిగిన నృత్య సెమినార్‌లో కూచిపూడి శాస్త్రీయమా కాదా అని పెద్ద తగవు పడ్డరు. చివరికి శాస్త్రీయం అయింది. చిందు కోసం తగవు పడ్డవాడు లేడు. ఒకే యక్షగాన కుటుంబానికి చెందిన రెండు ఆటల్లో ఒకటి అగ్రహారంల ఉన్నది, ఒకటి వాడల ఉన్నది. అగ్రహారంది శాస్త్రమైంది, వాడది జానపదమైంది.

వాడల ఆట నాలుగు దిక్కులకు తిరుగుతదని చెప్పిన గదా. గడిల అట్ల తిరగదు. మా ఊరి దొర గడిల ఒకసారి చిందోళ్లను పిలిపించి ఆడించిండ్రు. నేను బాపు వెంట పోయిన. బాపుకు ఆ రాత్రి గ్యాస్ లైట్లు మోసే వెట్టి. గడి వాకిట్ల అరుగు మీద దొర కుర్చీ. పక్కన కరణం, పటేల్ మంచాల మీద. మిగిలిన ఊరు నేల మీద. మేము దర్వాజకు దగ్గరగా, వెనుక గోడకు ఆనుకుని. ఆ రాత్రంతా వేషగాడు ఒక్కసారన్నా మా దిక్కు తిరగలేదు. ప్రతి పాదమూ అరుగు వైపే, ప్రతి దండమూ అరుగు వైపే. మాకు కనపడ్డది కిరీటం వెనుక భాగం, వీపు మీద చెమట. పొద్దుగూకినంక అదే మనిషి మా వాడకు వచ్చి ఆడితే మళ్ల నాలుగు దిక్కులకూ తిరిగిండు. ఆట అదే, మనిషి అదే. ఆట మొఖం ఎటు ఉండాలో కుర్చీ నిర్ణయించింది.

ప్రొసీనియం వేదికను మొదటిసారి చూసినప్పుడు నాకు యాదికొచ్చింది ఆ అరుగే. యూరపు పండితులు ఈ వేదిక రాజుగారి కుర్చీకి ఎదురుగా పుట్టిందని అంటరు. ఇటలీ దొరల కొలువుల్లో, దృశ్యం రాజు కూర్చున్న చోటు నుంచే సక్కగా కనపడేటట్టు గీసేవాళ్లట. అరుగు కథ ప్రపంచమంతా ఒక్కటే. మన ఆడిటోరియంలల్లో మొదటి వరుస సోఫాలు మంత్రికి, కలెక్టరుకు, స్పాన్సరుకు. జ్యోతి వెలిగించుడు, శాలువాలు, ఉపన్యాసాలు. వేదికమీదున్నవాళ్లు మైకుల "గౌరవనీయులైన" అని మొదలుపెట్టంగనే మొఖం ఎటు తిరిగిందో తెలుస్తది. సిమెంటుకు కులమేంది అని అడిగిన మిత్రుడు ఈ సోఫాల సంగతి ఆలోచించాలె.

కరీంనగర్ సినిమా టాకీసులు ఇంకో తీరు. అక్కడ కులం అడగరు, పైసలు అడుగుతరు. నేల, బెంచి, కుర్చీ, బాల్కనీ. మా ఊరి నుంచి పోయినోళ్లం నేల టికెట్టే కొనేది. విచిత్రం ఏందంటే, తెరకు దగ్గరగా కూసునే హక్కు మాదిగోనికి దొరికిన ఒకే ఒక శాల అది. దగ్గరంటే మెడలు పట్టేసేంత దగ్గర. ఊర్లె హోటల్ల వేరే గ్లాసు ఉన్న రోజుల్లనే టాకీసు చీకట్ల పక్కోని కులం తెల్వక భుజం భుజం రాసుకుని కూసున్నం. సినిమాను తిట్టే మన మేధావులు ఈ మాట కూడా రాయాలె.

1978 సెప్టెంబరు 7న జగిత్యాల జైత్రయాత్ర. ఆ ఏడే జగిత్యాల, సిరిసిల్ల తాలూకాలను కల్లోలిత ప్రాంతాలుగా ప్రకటించిండ్రు. రైతుకూలీలు, అందుల మాల మాదిగలు, దొరల గడుల ముందు తలెత్తిన కాలం అది. గడి అరుగులు ఖాళీ అయినయి, కొందరు దొరలు పట్నం పట్టిండ్రు. మంచిదే. కానీ ఆ వెనుకనే పోలీసు క్యాంపులు వచ్చినయి. చీకటి పడినంక నలుగురు ఒక్కకాడ కూడితే మా ఊర్లె లాఠీ దెబ్బలే. తెల్లారేదాక వందలమంది కూసుండి చూసే ఆట ఇంకేం ఆడుతరు? ఊరి మిరాశీకి వచ్చిన చిందు కుటుంబం ఒక ఏడాది పెట్టె దించకుండనే వెనక్కు పోయింది. టీవీ వచ్చి భాగోతాన్ని చంపిందని అందరూ అంటరు. మా ఊర్లె టీవీ కంటె ముందు కర్ఫ్యూ వచ్చింది.

అదే కాలంల పాట మైదానానికి వచ్చింది. 1972లో పుట్టిన జననాట్యమండలి గోచి, గొంగడి, గజ్జెలతోటి పల్లెలను ఊపింది. 1990లో నిర్బంధం సడలినంక గద్దర్ నిజాం కాలేజీ గ్రౌండ్‌ల పాడితే లక్షలమంది విన్నరు. స్తంభాలు లేవు, కప్పు లేదు, సోఫాలు లేవు. ఆదిలాబాద్ జిల్లా లింగాపురం నుంచి వచ్చిన మా గూడ అంజయ్య పాటలు ఏ హాలుకూ పట్టనంత పెద్దవి అయినయి. అది మన గెలుపు, దాని గురించి రాస్తే ఇంకో వ్యాసమైతది. కానీ ఒక విమర్శ చెప్పకుండా పోలేను. ఒగ్గుకథను, యక్షగానాన్ని, చిందు అడుగును 'కళారూపాలు' అని తీసుకున్నరు. రూపం తీసుకున్నరు, సారం నింపినమన్నరు. రూపం ఎవరిదో వాళ్ల పేరు ఎక్కడన్న రాసిండ్రా? కుల సమస్య వర్గపోరాటంల కలిసిపోతదని చెప్పినట్టే, చిందోళ్ల పేరు కూడా 'ప్రజాకళ' అన్న మాటల కలిసిపోయింది. 1985లో కారంచేడు, 1991లో చుండూరు అయినంక గదా మనం ఈ ప్రశ్నలు అడగడం నేర్చుకున్నది.

రాయపట్నం దగ్గర గోదావరి దాటితే పాత ఆదిలాబాద్ జిల్లా. అక్కడ గోండుల ఆటకు ఊరే శాల. దీపావళికి దండారి బృందం, నెమలీకల టోపీల గుస్సాడీలు ఒక గూడెం నుంచి ఇంకో గూడెంకు చుట్టాలై పోతరు. చూసేవాళ్లు ఆడేవాళ్ల దగ్గరికి పోవుడు కాదు, ఆటే ఇంటి ముందటికి వస్తది. మర్లవాయి కనకరాజు ఆ గుస్సాడీని ఇందిరాగాంధీ కాలంల ఢిల్లీ గణతంత్ర ఉత్సవాల దాకా తీసుకపోయిండు. 2021లో పద్మశ్రీ వచ్చింది, 2024 అక్టోబరుల చనిపోయిండు. అదే ఇందిర సర్కారు కాలంల, 1981 ఏప్రిల్ 20న, ఇంద్రవెల్లిలో భూమి అడిగిన గోండుల మీద పోలీసులు కాల్పులు జరిపిండ్రు. సర్కారు లెక్క 13 మంది. జనం లెక్క అంతకు ఎన్నో రెట్లు. నెమలీకలకు రాజపథం, భూమి అడిగితే తూటా. ఆ నేలకొరిగినవాళ్ల కోసం ఇంద్రవెల్లిలో స్తూపం కట్టుకుంటే ఎనభైల్లోనే దాన్ని పేల్చేసిండ్రు. మళ్ల కట్టిండ్రు. ఏండ్ల తరబడి ఏప్రిల్ 20 వచ్చిందంటే అక్కడ 144 సెక్షన్. ఆదివాసుల నొప్పిని నాదని చెప్పుకోను, ఆ హక్కు నాకు లేదు. కానీ ఈ దేశంల అట్టడుగోళ్లు తమంతట తాము నిలబెట్టుకున్న స్తంభానికి ఏమైతదో అది చూస్తే తెలుస్తది.

ఇట్లా మైదానాలు, గూడేలు తిరిగిన ఆటను ఇప్పుడు మళ్ల హాలుకు పిలుస్తున్నరు. తెలంగాణ వచ్చినంక పిలుపులు పెరిగినయి, అది నిజం. జనగామ దిక్కు చిందు యక్షగాన కళాకారుడు గడ్డం సమ్మయ్యకు 2024లో పద్మశ్రీ ప్రకటించిండ్రు. సంతోషించిన. మా ఎరుక ఉన్న ఒక చిందు బృందాన్ని కొన్నేండ్ల కింద ఒక పెద్ద హాలుకు పిలిస్తే నేను తోడు పోయిన. ఆ హాలు పేరు రాయను, ఏ హాలైనా అంతే. ఇరవై నిమిషాలు ఇచ్చిండ్రు. ఉపన్యాసాలు పొడుగై అది పన్నెండు నిమిషాలైంది. తెల్లారేదాక సాగే సారంగధర పన్నెండు నిమిషాలల్ల! ప్రార్థన చేసేసరికే నాలుగు నిమిషాలు పోయినయి. వేషగాడు అలవాటు కొద్దీ వెనుకకు తిరిగి పాడిండు. వెనుక జనం లేరు, నీలం తెర ఉన్నది. మైకుకు వీపు పెట్టిండని ఆపరేటర్ చెయ్యి ఊపిండు. ఆయన ముందుకు తిరిగిండు, ఇంకెన్నడూ వెనుకకు తిరగలేదు.

అంతకంటె ముందు పెట్టె పంచాయతీ అయింది. బృందంల ముసలమ్మ పెట్టెను వేదిక పక్కన పెట్టి ఊదుబత్తి ముట్టిచ్చింది. హాలు మనిషి ఒకాయన వచ్చి నిప్పు నిషేధం, పెట్టె తీసెయ్యి అన్నడు. జ్యోతి ప్రజ్వలనకు వెలిగించిన పెద్ద దీపపు కుంది అప్పటికి అక్కడనే వెలుగుతున్నది. నేను ఆ మాట అన్న. ఆయన "అది ప్రోగ్రాం సార్" అన్నడు. అవ్వ పెట్టెను బయట మెట్ల కాడికి మోసుకపోయి, ఆట అయ్యేదాక దాని పక్కన కూసున్నది. అంటే ఆమె ఆటల లేదు. తిరుగు బస్సుల నేను అడిగిన, "అవ్వా, మళ్ల పిలిస్తే వస్తవా?"

"పైసలిస్తరు గద బిడ్డా, రాకుంటే ఎట్ల? కని పెట్టెను ఇంటికాడ ఇడిచిపెట్టి వస్త. దానికెందుకు ఈ అవమానం."

ఇక్కడి దాకా చదివి వాడ రంగశాల మచ్చలేనిదని ఎవరన్న అనుకుంటే, నేను సగమే చెప్పినట్టు. మా వాడల నాలుగు గుంజల చుట్టూ మాదిగలు మూడు పక్కల కూసున్నరని రాసిన. డక్కలోళ్లు ఎక్కడ కూసున్నరు? మాకు జాంబపురాణం పటం చూపించి చెప్పే డక్కలి మనిషి, కిన్నెర మీటి మా వంశాలు పాడే డక్కలి మనిషి, మా గడప తొక్కరాదు. దూరంగా, వాడ మొగదల ఉండి అడుక్కోవాలె. ఆయనకు పెట్టే బువ్వ కూడా దూరం నుంచే. చిందోళ్లకు వాడల దిగే జాగ ఉన్నది గానీ, మాదిగల ముందు వాళ్లు చెయ్యి చాపాలె, 'అయ్యా' అని పిలవాలె. కళ పేరుతోటి మిరాశీని పొగిడే పరిశోధకులు ఉన్నరు. మిరాశీ అంటే ఆడకుంటే బువ్వ లేదని అర్థం, ఆడినా వేరే పని చెయ్యొద్దని అర్థం. చిందు పిల్లలు బడికి పోయి, ఆటో నడుపుకుని, టీచరై, 'నేను వేషం కట్టను' అంటే చప్పట్లు కొట్టవలసింది మనమే. 1994లో దండోర మొదలైన కాడి నుంచి 2024 ఆగస్టు 1 సుప్రీంకోర్టు తీర్పు దాక, 2025 ఏప్రిల్ 14న తెలంగాణల మూడు గ్రూపుల చట్టం అమలైన దాక మనం అడిగింది వాటా. ఆ వాటా సంచార కులాల గుడిసెల దాక పోయిందా లేదా అన్నది మన లోపలి లెక్క. మన నాలుగు గుంజలల్ల కూడా ఐదోది పాతలేదని డక్కలి పిల్లగాడొకడు రేపు రాస్తడు. రాయాలె.

అయితే ఏం కట్టాలె? వరంగల్‌ల 2024 నవంబరుల కాళోజీ కళాక్షేత్రం తెరిచిండ్రు. కరీంనగర్‌ల కళాభారతి ఉన్నది. ఆదిలాబాద్, మంచిర్యాల, జగిత్యాలలల్ల రేపో మాపో ఇంకేవో కడుతరు. కట్టేటప్పుడు ఇంజనీర్లు చూసేది రవీంద్రభారతి నక్షానే, కొంచెం చిన్నగా. నేను ఇంజనీర్ను కాను. కానీ మన విద్యార్థి సంఘాలు ఇప్పటినుంచే మునిసిపాలిటీల ముందు పెట్టదగ్గ కోరికలు కొన్ని ఉన్నయి. నాలుగు పక్కల జనం కూసునే మట్టి ఆవరణ ఒకటి ఉండాలె. మొదటి వరుస ఎవరికీ రిజర్వు చెయ్యొద్దు. అద్దె చిందోళ్లకు, ఒగ్గోళ్లకు, డక్కలోళ్లకు ఉండొద్దు. ఆడినవాళ్లకు మెమెంటో బదులు కూలి ఇయ్యాలె, పన్నెండు నిమిషాలకైనా రాత్రంతకైనా రేటు కట్టి ఇయ్యాలె. ఆడవాళ్లకు అర్దళం పూసుకునే, కడుక్కునే గది తలుపు గొళ్లెం ఉన్నదై ఉండాలె. నవ్వకండ్రి, ఆ బృందంల నలుగురు ఆడవాళ్లు ఆ రోజు చీరలు అడ్డం పట్టుకుని వేషం మార్చుకున్నరు. రాత్రి పదింటికి లైట్లు ఆర్పే నియమం ఆ ఆవరణకు వర్తించొద్దు.

ఇంకొకటి, ఇది అవ్వ చెప్పింది. నేను ఈ జాబితా చదివి వినిపిస్తే తల ఊపుకుంట విన్నది. ఆఖరికి, "గుంజలు పాతే జాగ ఇడిచిపెట్టుమను బిడ్డా. అంతటా సిమెంటు పోస్తే గుంజ ఏడ దిగుతది?" అన్నది.